నిరీక్షణము

సంస్కృతమునుండి మన భాషలోనికి వచ్చి, వచ్చు దారిలో అర్థము మార్చుకొన్న మాటలు పెక్కు గలవు. వానిలో నిరీక్షణ మొకటి. సంస్కృతమున దానికి నిదానించి చూచుట యని యర్థము. తెలుగున దానిని మనము వేచియుండుట యను నర్థమున వాడుచున్నాము. రైలుకొఱకు నిరీక్షింతుము, వానకొఱకు నిరీక్షింతుము, పరీక్షాఫలితములకొఱకు నిరీక్షింతుము. పండితులు దీనిని అర్థవిపరిణామముల పట్టికలో చేర్చి యూరకుందురు. ఇరువదియేండ్లుగా పిల్లలకు మాటల యర్థములు చెప్పుచున్న నాకు మాత్రము ఈ మార్పులో తెలుగువారి యనుభవ మొకటి దాగియున్నట్లు తోచుచున్నది. అచ్చతెనుగు మాటను చూడుడు. వేచియుండుటను మనము ఎదురుచూచుట యందుము. అనగా మన పూర్వులకు చూపును, ఓపికయు వేఱువేఱు పనులు కావు. చూడవలెనన్న కోరిక గలవాడు వేచును, వేచినవాడు చూచును.

చేతిఫోను మన కన్నులను దొంగిలించినదని నేడు ప్రతివాడును ఆక్షేపించుచున్నాడు. ఆ యాక్షేపణను కూడ ఫోనులోనే వ్రాయుచున్నాడు. నాకు దోచినంతవఱకు అది అపహరించినది కన్నులను గాదు, ఎదురుచూచు శక్తిని. ఇంటిలోను కచేరిలోను ఈ నష్టము కొంత కప్పుపడియుండును. ఆరుబయట, చెట్టుక్రిందను చెఱువుగట్టునను అది బట్టబయలగును. ఏలయనగా బొత్తాము నొక్కినంతనే చెట్టు పూయదు, పక్షి యెగురదు, మబ్బు విడదు. వాని వేళకు మనము కాచుకొని యుండవలెనే గాని మన వేళకు అవి రావు.

నేను నెల్లూరి ప్రాంతమున ఒక యున్నతపాఠశాలలో ఉపాధ్యాయుడను. ప్రతి శీతకాలమునను పెద్దతరగతి పిల్లలను దొరవారిసత్రము దగ్గఱనున్న నేలపట్టు చెఱువునకు తీసికొని పోవుట మాకు వాడుక. 1976లో ప్రభుత్వమువారు ఆ చెఱువును పక్షుల సంరక్షణకేంద్రముగా ప్రకటించిరి. శీతకాలమున గూడబాతులు అచ్చటికి వచ్చి, నీటిలో నిలిచిన చెట్లపై గూళ్లు గట్టి, పిల్లలను పెంచును. రెక్కలు చాచినచో ఒక్కొక్కటి ఏడెనిమిది యడుగు లుండును. ముక్కుక్రింద జోలెవంటి సంచి వ్రేలాడును. వానితోబాటు నత్తలను దిను కొంగలు, తెల్లకంకణములు, రెక్కలు విప్పి యెండలో ఆరవేసికొను నీటికాకులు, ప్రొద్దు గ్రుంకినపిదప మేతకు బయలుదేరు చింతవొక్కులు అచ్చట కాపురముండును.

మొన్నటి శీతకాలమున ముప్పదిమంది పిల్లలతో పోయితిమి. గట్టెక్కగానే ఇరువది చేతులు ఒక్కమాఱుగా పైకి లేచినవి. ప్రతి చేతిలోను ఒక ఫోను. కొన్ని వారివి, కొన్ని తలిదండ్రులను బ్రతిమాలి తెచ్చినవి. అయిదు నిమిషములలో ఫోటోలు ముగిసినవి. మఱి యయిదు నిమిషములలో సెల్ఫీలు ముగిసినవి. అంతట ఒక కుఱ్ఱవాడు నా దగ్గఱకు వచ్చి, "చూసేశాం సార్. ఇంకేముండాది?" అని యడిగెను. వాడు దుడుకువాడు కాడు, తరగతిలో తెలివిగలవాడు. చూచుట యను పని ముగిసినదని వాడు నిజముగానే నమ్మెను. తక్కినవారప్పటికే చెట్లనీడను గూర్చుండి, తీసిన చిత్రములను ఒకరికొకరు పంపుకొనుచుండిరి. చెఱువు వారి వెనుక నున్నది.

ఒక బాలిక మాత్రము గట్టుచివర నిలిచి యుండెను. వారి యింట నున్నది ఒక్కటే ఫోను. అది తండ్రి చేనికి పట్టుకొని పోయెను. ఆమెకు చేయుటకు వేఱు పని లేకుండెను గనుక చూచుచుండెను. అరగంట గడచిన పిదప ఒక గూడబాతు మేతనుండి తిరిగి వచ్చి గూటిపై వ్రాలినది. దాని పిల్ల లేచి, రెక్కలు తపతప కొట్టుకొని, తన తలను మెడవఱకు తల్లి గొంతులోనికి దూర్చి, లోపల నున్న చేపలను తినుట మొదలుపెట్టినది. చూచువారికి తల్లియే పిల్లను మ్రింగుచున్నదా యని భయము గలుగును. ఆమె కెవ్వరును దాని యర్థము చెప్పలేదు. భయపడి, వేచి, పిల్ల క్షేమముగా వెలికివచ్చుట చూచి, తానే గ్రహించినది.

మధ్యాహ్నము పులిహోర పొట్లములు విప్పుకొన్నప్పుడు, ఎవరేమి చూచిరో చెప్పుడని యడిగితిని. ఫోనులున్నవారు చిత్రములు చూపిరి. వానిలో పచ్చని యాకులమధ్య కొన్ని తెల్లచుక్క లున్నవి. ఆ బాలిక తన చేతినే ముక్కుగా జేసి, రెండవచేతిని పిల్లగా జేసి చూపి చెప్పినది. అందఱును తినుట మాని వినిరి. ముగించిన తరువాత ఆమె నన్ను చూచి, చిన్నబోయిన ముఖముతో, "నేనేమీ తీసుకోలేదు సార్" అనినది. ఆ మాట నన్ను బాధించినంతగా తక్కినవారి యశ్రద్ధ బాధింపలేదు. ముప్పదిమందిలో నిజముగా చూచినది ఆమె. వట్టిచేతులతో తిరిగి పోవుచున్నా ననుకొన్నదియు ఆమెయే. చిత్రము లేని చూపు చూపు గాదను నమ్మకము ఫోను లేని పిల్లలోనికి గూడ ఎక్కినది. మనము దిద్దుకొనవలసినది ముఖ్యముగా ఈ నమ్మకమును.

మనస్సు అణుపరిమాణము గలదని మన నైయాయికులు చెప్పిరి. అణువు గనుక అది ఒక క్షణమున ఒక్క యింద్రియముతోనే కూడగలదు; రెండు జ్ఞానము లొకేమాఱు పుట్టవు. జంతిక కొఱుకునపుడు రుచి, వాసన, కరకరధ్వని అన్నియు ఒక్కసారియే తెలిసినట్లుండును గదా యని ప్రతిపక్షి యడుగగా, నూఱు తామరరేకులను దొంతిగా బేర్చి సూదితో గుచ్చినచో ఒక్కమాఱే దిగినట్లు తోచినను ఒకదాని వెనుక నొకటి దిగినట్లే ఇదియు నని సమాధానము చెప్పిరి. మనస్సు మఱియొకచోట నుండుటచే ఎదుటి వస్తువును చూడలేదని లోకులు చెప్పుకొను మాటను బృహదారణ్యకోపనిషత్తు ప్రమాణముగా గ్రహించి, చూచునది నిక్కముగా మనస్సే యని నిర్ణయించినది. కాబట్టి ఒక కంట పక్షిని, ఒక కంట వాట్సాపును చూడగల నను నేటి యువకుని ధీమాకు మన శాస్త్రమున చోటు లేదు. వాడు సూదిని వేగముగా గుచ్చుచున్నాడు, అంతే. ప్రతి గ్రుచ్చుటలోను కొంత చూపు వ్యర్థమగుచున్నది.

పడమటివారును ఇంచుమించుగా ఈ దారినే నడచిరి. విలియం జేమ్సు 1890లో వెలువరించిన మనస్తత్త్వశాస్త్రగ్రంథమున, చెదరిపోవు ధ్యాసను మరల మరల వెనుకకు మరల్చుకొను శక్తియే వివేకమునకును శీలమునకును మూలమనియు, దానిని పెంచు విద్యయే మేలైన విద్య యనియు తలచెను. రేచెల్ కప్లన్, స్టీఫెన్ కప్లన్ అను దంపతులు 1989లో ప్రకటించిన గ్రంథమున మఱియొక యడుగు ముందునకు వేసిరి. లెక్క చేయునప్పుడు, పాఠము చదువునప్పుడు మనము బలవంతమున నిలుపు ధ్యాస అలసిపోవును. ఆకుల కదలిక, నీటి యలలు, మబ్బుల నడక మన మనస్సును బలవంతము లేక మెల్లగా తమవైపు త్రిప్పుకొనును. ఆ సమయమున అలసిన ధ్యాస విశ్రమించి మరల బలము పుంజుకొనునని వారి సిద్ధాంతము. రైతున కిది క్రొత్తమాట గాదు. చేనిని కొన్నాళ్లు బీడు విడిచినచో మరల పండునని వా డెఱుగును. ఆరుబయటికి ఫోనుతో బోయి గంటకు ఇరువదిమాఱులు దానికి జవాబిచ్చువాడు బీడు విడిచితి నని చెప్పుచు మఱుగున దున్నుచున్న వానివంటివాడు. సెలవు గడచును గాని అలసట తీఱదు.

ఫోటో తీయుట జ్ఞాపకమునకు సాయము గదా యని అడుగవచ్చును. లిండా హెంకెల్ అను అమెరికా మనస్తత్త్వశాస్త్రజ్ఞురాలు 2014లో దీనిపై ఒక పరిశోధన ప్రకటించెను. విద్యార్థులను ఒక ప్రదర్శనశాలకు తీసికొనిపోయి, కొన్ని వస్తువులను ఊరక చూడుడనియు, కొన్నిటికి ఫోటోలు తీయుడనియు చెప్పిరి. మఱునాడు పరీక్షింపగా, ఊరక చూచిన వస్తువులకంటె ఫోటోలు తీసిన వస్తువులు వారికి తక్కువగా జ్ఞాపకమున్నవి. యంత్రము దాచుచున్నదను ధైర్యముతో మనస్సు దాచుట మానుకొన్నదన్నమాట. అయితే న్యాయము తప్పక రెండవ సంగతియు చెప్పవలెను. ఒక వస్తువునందలి యొక భాగమును ఏరుకొని, దగ్గఱకు దెచ్చి తీసినప్పుడు జ్ఞాపకమున కీ నష్టము కలుగలేదు. ఏ భాగమును తీయవలెనో నిర్ణయించుకొనుటకు ముందుగా చూడవలసివచ్చును గదా! కావున దోషము కెమెరాది గాదు. చూపునకు బదులుగా దానిని నిలుపుటయే దోషము.

ఒకమాఱు బంధువులతో గోదావరిపై పాపికొండలకు లాంచిలో పోయితిని. నది మలుపు తిరిగి, రెండు ప్రక్కల కొండలు దగ్గఱకు జరిగి, నీరు నల్లబడిన చోటు వచ్చినది. లాంచిలోని వారందఱును లేచి, ఆ కొండలకు వీపు చూపి నిలుచుండిరి. పూర్వము కొండను చూడవలెనన్నచో కొండవైపు తిరుగవలెను. సెల్ఫీ వచ్చినపిదప కొండకు వీపు త్రిప్పవలెను. దేవునికి వీపు చూపరాదని గర్భగుడి ముంగిటినుండి వెనుకకు నడచివచ్చు జనులము మనము! ఆ నిలుచున్నవారి చూపులు ఎచ్చటనున్నవో గమనించితిని. కొండమీదను లేవు, ప్రక్కవారిమీదను లేవు. ఎచ్చటనో యుండి, సాయంకాలము ఆ చిత్రమును చూచి మెచ్చుకొనబోవు వారిమీద నున్నవి. విహారమున నేడు మనతో ఈ కానరాని ప్రేక్షకుడు గూడ వచ్చుచున్నాడు. వానికి నచ్చునది మనకు రమ్యము. వానికి పంపవీలులేనిది, అనగా గాలి చల్లదనము, తడిమన్ను వాసన, నిశ్శబ్దము, మనకు లెక్కలోనికి రాదు.

ఈ ప్రేక్షకుని మెప్పునకై ప్రాణము లిచ్చినవారును గలరు. 2011 అక్టోబరు మొదలు 2017 నవంబరు వఱకు వార్తాపత్రికలలో వచ్చిన సంగతులను గూర్చి మన దేశపు వైద్యులు 2018లో ఒక వ్యాసము ప్రకటించిరి. సెల్ఫీ తీసికొనుచు లోకమున 259 మంది మరణించినట్లు వారు లెక్క గట్టిరి. అందు ఏ దేశమున కంటెను మన దేశముననే మరణము లెక్కువ. నీట మునిగి పోయినవారే హెచ్చు. జలపాతము ప్రక్కను, అలల యంచునను నిలిచి, కాలి క్రింది రాతిని చూడక చేతిలోని అద్దమును చూచుటకు ఇంతటి వెల!

ఎదురుచూపునకు ఫలమేమో తెలిసికొనవలెనన్నచో గిజిగాని గూటి కథ వినవలెను. మన జాషువ మహాకవి గిజిగానిపై పద్యములు చెప్పి, ఆ పిట్టను తెలుగువారి కింటిచుట్టముగా జేసెను. ఆ దినములలోనే, 1930లో, బొంబాయికి దక్షిణమున సముద్రతీరమందలి కిహీము గ్రామమున సలీం ఆలీ అను నుద్యోగము లేని వ్యక్తి అవే గూళ్లయెదుట మాసములతరబడి కాపువేసి కూర్చుండెను. మగపిట్ట గూడు సగము కట్టి నిలుపును. ఆడుపిట్ట వచ్చి, త్రొక్కి, లాగి, పరీక్షించి, నచ్చినచో ప్రవేశించును. అంతట మగపిట్ట దానిని పూర్తిచేసి, ఆ యిల్లు ఆమెకు వదలి, మఱియొక గూటికి గడ్డి తెచ్చుకొని మఱియొక యాలికొఱకు సిద్ధపడును. ఈ సంసారరహస్యమును ఆయన 1931లో లోకమునకు వెల్లడించెను. ఆయన చేతిలో నున్నవి గొప్ప పరికరములు గావు. ఉన్నది తీఱికయు, ఆ తీఱికను మఱియొకదానికి ధారపోయని బుద్ధియు. కవి యొకడు, శాస్త్రజ్ఞు డొకడు. ఇరువురికిని గిజిగాడు ఒక్క యోపికకే వశమయ్యెను.

నా వాదమునకు ఎదురుగా చెప్పదగిన మాటలు లేకపోలేదు. ఒక విద్యార్థి పక్షికూతను వినిపించినంతనే పేరు చెప్పు మెర్లిన్ అను యాప్‌ను నాకు చూపెను. అది మెచ్చదగినదే, నే నెఱుగని పేర్లు పెక్కు చెప్పినది. కాని పేరు తెలిసిన మఱుక్షణమే వాడు తల దించుకొని మఱియొక కూతకై వెదకుట చూచితిని. పేరు తెలిసికొనుట పరిచయమునకు మొదలు. వానికది తుది యయ్యెను. మఱి కొందఱు, వెనుకటి తరమువారును వనభోజనములకు ట్రాన్సిస్టరు రేడియోలు మోసికొనిపోయి, క్రికెట్టు వ్యాఖ్యానము వినలేదా యందురు. వినిరి. అయితే రేడియో పదిమందికి ఒక్కటి. అది పలికినది అందఱు వినిరి, అందఱు కేకలు వేసిరి. అది తనకు జవాబిమ్మని యెవ్వరిని అడుగలేదు. నీ చిత్రమును ఎంతమంది మెచ్చిరో చూచుకొమ్మని నిమిషమున కొకమాఱు తట్టిలేపలేదు. అడవిలో పాము కఱచినప్పుడు 108కి పిలుచుటకు ఫోను కావలెను గదా యందురు. కావలెను. నేనును ఒకటి వెంట నుంచుకొందును. మందులపెట్టెయు వెంట నుండును. దానిని గంటకు ఇరువదిమాఱులు విప్పి చూచుకొనము గదా!

ఇంతకును, చూడకపోయినచో నష్ట మేమి? ఒక పక్షిని చూడని బాలుడు చెడిపోవునా? నా కిది వినోదమునకు సంబంధించిన విషయముగా తోచదు. 1946లో కె. కె. నీలకంఠన్ అను మలయాళీయుడు పశ్చిమగోదావరి జిల్లాలో కొల్లేటి ప్రాంతమున గూడబాతుల గొప్ప స్థావరము నొకదానిని కనుగొనెను. ఇంచుమించు మూడువేల పక్షులు అచ్చట గూళ్లు గట్టియుండెను. వృత్తిచే ఆయనయు ఆంగ్లోపాధ్యాయుడే. పిమ్మట ఇందుచూడన్ అను పేర కేరళపక్షులనుగూర్చి ప్రసిద్ధగ్రంథము వ్రాసెను. ఆ స్థావరము మూడు దశాబ్దములలో అంతరించినది. చూచి వ్రాసిన వా డొక్కడు ఉండుటచేతనే అంతటి సంపద యుండెననియు, పోయెననియు మనకు తెలిసినది. నేడు ఆటపాక దగ్గఱ అటవీశాఖవారు నిలిపిన ఇనుపమంచెలపై గూడబాతులు మరల పిల్లలను పెంచుచున్నవి. ఉన్నప్పుడు చూడని దానిని పోయినప్పుడు ఎవ్వరును వెదకరు. వెదకువారు లేనిచో మంచెలు నిలుపువా రెవ్వరు?

మా బడిలోని పిల్లలు పెక్కుమంది వ్యవసాయకుటుంబములవారు. వారి తాతలు చీమలు గ్రుడ్లు మోయుట చూచి వాన చెప్పెడివారు. ఆకు వెనుకవైపు త్రిప్పి చూచి తెగులును గుర్తించెడివారు. అందు కొన్ని గుర్తులు తప్పవచ్చును. కాని చేనిగట్టున గంటసేపు నిలిచి పైరును చూచు నలవాటు తప్పు గాదు. అదియే వారి విద్య. ఆ యలవాటు తెగినచో, ఆ పిల్లలు తమ చేనిలోనే పరదేశులగుదురు. ధ్యాస లేనిచోట ప్రేమ నిలువదు; ప్రేమ లేనివాడు చెఱువు పూడ్చుచుండగా అడ్డుపడడు.

కావున మాటలతో సరిపెట్టక, నాకు తోచిన చిన్న యేర్పాటు నొకదానిని చేసితిని. ఈ నడుమ పిల్లలను ఎచ్చటికి తీసికొనిపోయినను మొదటి గంట ఫోనులన్నియు ఒక సంచిలో నుండును. అవసరమునకు నాది మాత్రము మ్రోగును. ప్రతివారును ఒక చెట్టునో, ఒక గూటినో, నీటియంచున ఒక జేనెడు చోటునో ఏరుకొని, అచ్చటనే కూర్చుండి చూడవలెను. చూచునపుడు వ్రాయరాదు. గంట ముగిసిన పిదప చూచినదానిని నోటితో చెప్పవలెను. చేతనైనచో బొమ్మ గీయవలెను. ఆ తరువాత ఫోనులు తీసికొని, తా మేరుకొన్న దానికి ఒక్క ఫోటో తీసికొనవచ్చును. మొదటి పావుగంట కష్టము. చేతులు ఊరక జేబులను తడవుచుండును; నిమిషమున కొకడు సమయ మెంత యని యడుగుచుండును. పిదప ఒకరొకరుగా నిమ్మళింతురు. కొందఱు చివరవఱకు నిమ్మళింపరు. ఒక తండ్రి, పిల్లవానికి ఫోను లేకుండ చేయుటకు మీకేమి హక్కని తగవునకు వచ్చెను. ఆయన భయము సకారణమే గనుక నా ఫోను సంఖ్య ఇచ్చి పంపితిని. ఇది గొప్ప సంస్కరణ మని చెప్పను. కాని నోటితో చెప్పునపుడు ఇప్పుడు పిల్లలు ఒకరి మాట నొకరు దిద్దుచున్నారు. "కాదురా, అది ముందు ఎడమరెక్క విప్పింది" అని వాదులాడుకొనుచున్నారు. పదిమంది ఒక్కదానినే చూచినప్పుడు గాని అట్టి వాదము పుట్టదు. వట్టిచేతులతో వచ్చితి నని యెవ్వరును చిన్నబోవుట లేదు.

చదువరులలో ఉపాధ్యాయులును, తలిదండ్రులును పెక్కుమంది యుందురు. వారికి నా మనవి యొక్కటి. పిల్లలను దూరపు కొండలకును, పేరుపొందిన జలపాతములకును తీసికొనిపోవుటకు ధనము కావలెను. ఎదురుచూచుట నేర్పుటకు ధన మక్కఱలేదు. వచ్చు ఆదివారమున మీ యూరి చెఱువుగట్టుననో, మీ పెరటి వేపచెట్టు క్రిందనో ఒక గంట వారితో కూర్చుండుడు. ముందుగా మీ ఫోనును ఇంట బెట్టి రండు. ఏమియు జరుగుట లేదని పిల్లవాడు విసుగుకొనును. జరుగుచున్నదని తొందరపడి చెప్పకుడు, వానినే కనుగొననిండు.